ఆవకాయకు చోటులేని టాకోలు

అన్నయ్య బస్సు కింద నుంచి వీపు మీద జరుగుతూ బయటికి వస్తున్నాడు. ఆ బస్సు మా వంటింట్లోనే ఉంది, గ్యాసుపొయ్యికీ ఫ్రిజ్జుకీ మధ్య అంత ఎర్రబస్సు ఎలా పట్టిందన్నది నాకు వింతగా లేదు, నా ఒళ్ళు మండుతున్నదల్లా దాని ముందు టైరు నేను కలిపి పెట్టుకున్న మొక్కజొన్న పిండి పళ్ళేన్ని ఆనుకుని ఉన్నందుకు. "పానా ఇటియ్యవే రత్తీ" అని పడుకునే చెయ్యి చాపుతాడు. నా చేతిలో ఉన్నది అప్పడాల కర్ర, అదే ఇస్తాను. అటూ ఇటూ తిప్పి చూసి, "ఇదేం సైజే" అని గొణుక్కుని, దాంతోనే ఏదో బిగించి లేచి నిలబడి, డిపోలో మెకానిక్కుగా ఉన్నప్పటి ఖాకీ చొక్కాకి చేతులు తుడుచుకుంటాడు. మణికట్ల దాకా ఎర్రగా నూనె. గ్రీజు అనుకుంటాను గానీ వాసన గ్రీజుది కాదు, ఆవపిండిది.

ఇది కల అని నాకు తెలియదు, అన్నయ్య పోయాడని మాత్రం బాగా తెలుసు. మొన్న ఎండాకాలం ఆఖర్న, ఆవకాయ కలిపి జాడీకెత్తిన కొద్దిరోజులకే, రక్తపోటు తలకెక్కి ఒక్క పూటలో పోయాడు. ఉప్పు తగ్గించు అన్నయ్యా, ఉప్పు తగ్గించు అని నేను నెత్తీ నోరూ కొట్టుకున్న మనిషి ఇలా ఎదురుగా నిలబడితే కాళ్ళు పట్టుకుని ఏడవాలి కదా, ఏడుపు రావడం లేదు. కోపం వస్తోంది. ఇన్నాళ్ళూ ఎవరి మీద చూపించాలో తెలియక దాచుకున్న కోపమంతా ఇప్పుడు సరైన చిరునామా దొరికినట్టు పైకి తన్నుకొస్తోంది.

"నా కర్ర ఇటివ్వు. రొట్టెలు ఆరిపోతున్నాయి."

"ఏం చేత్తున్నావే?"

"టాకోలు."

"ఎవరికి?"

"నీ పెళ్ళానికి."

అన్నయ్య కళ్ళు పెద్దవి చేసి పొయ్యి వైపు వంగి చూస్తాడు. పెనం మీద పసుపుపచ్చని రొట్టె పొంగుతోంది. మొక్కజొన్న పిండిలో వేణ్ణీళ్ళు పోసి పిసికి, రెండు ప్లాస్టిక్ కాగితాల మధ్య పెట్టి అదిమి, కాల్చి, వేడి మీదున్నప్పుడే కర్ర మీద ఆరేస్తే ఆ మడత అలాగే నిలబడుతుందని ఫోనులో ఒకమ్మాయి చూపించింది. అదే చేస్తున్నాను. కర్ర మీద ఆరేసిన రొట్టెలు, నేను చూస్తుండగానే, డిపో గోడ మీద ఆరేసిన ఖాకీ నిక్కర్లయిపోయి మళ్ళీ రొట్టెలవుతున్నాయి. ఇదొక చిరాకు.

"అన్నం వండలేదా?" అంటాడు.

"వండను."

"అదేంటే?"

"అన్నం ఉంటే నీ ఆవకాయ వస్తుంది. అందుకని."

అసలు సంగతి ఇదీ. వదిన కాళ్ళు వాచాయి. వేలితో నొక్కితే గుంట పడి అలాగే ఉండిపోతోంది. మూత్రపిండాలు ఇబ్బందిలో ఉన్నాయనీ, ఉప్పు మానకపోతే ముందుముందు డయాలసిస్ తప్పదనీ డాక్టరు మెల్లగానే చెప్పాడు, నాకు మాత్రం చెవిలో ఎవరో అరిచినట్టు వినిపించింది. నేను మేడమీద వాటాలో ఒక్కదాన్నే ఉంటూ, టెలిఫోన్ ఎక్స్ఛేంజీ ఉద్యోగంలోంచి రిటైరయ్యాక ఊరికే పేపరు చదువుకుంటున్నదాన్ని, ఆ రోజే కిందికి దిగి వదిన వంటిల్లు స్వాధీనం చేసుకున్నాను. ఉప్పు డబ్బా మేడమీదికి పట్టుకుపోయాను. ఉప్పు లేకుండా వండాను. వదిన ఒక్క మాట అనలేదు. ఉప్పులేని పప్పు, ఉప్పులేని వంకాయ, అన్నీ బుద్ధిగా తిన్నది, పక్కన అన్నయ్య కలిపిన ఆవకాయ వేసుకుని. "ఉప్పు మానేశాను గదే, ఇంకా ఏం మానమంటావు?" అని నన్నే అడిగింది. డాక్టరు ముందు కూడా అంతే. "ఉప్పు మానేశారా అమ్మా?" "పూర్తిగా మానేశానండి." "పచ్చళ్ళు?" "అది ఉప్పెలా అవుతుందండీ, ఊరగాయ గదా." డాక్టరు నా వైపు చూశాడు, నేను ఫ్యాను వైపు చూశాను.

ఇదంతా అన్నయ్యకి చెబుతున్నానో, చెప్పకుండానే అతనికి తెలిసిపోతోందో అర్థం కావడం లేదు, ఎందుకంటే మధ్యలో బస్సు తలుపు తెరుచుకుని మేమిద్దరం లోపలున్నాం, పొయ్యి డ్రైవరు పక్కన బానెట్టు మీదికి వచ్చేసింది, బస్సు మెల్లగా కదులుతోంది, నడిపేవాళ్ళెవరూ లేరు. అన్నయ్య కండక్టరు సీట్లో కూర్చుని, ఎవరి పనో చూస్తున్నట్టు చూస్తున్నాడు. కిటికీల్లో కాకినాడ వెళ్ళిపోతోంది, జగన్నాథపురం వంతెన, దాని తరవాత మళ్ళీ అదే వంతెన.

"ఇడ్లీ పెట్టకపోయావా?" అంటాడు.

"పెట్టాను. ఇడ్లీలోకి ఆవకాయ వేసుకుంది."

"ఉప్మా?"

"ఉప్మాలోకి ఆవకాయ."

"చపాతీ పెట్టాల్సింది."

"చపాతీకి ఆవకాయ రాసుకుని చుట్ట చుట్టుకుని తిన్నది. ఓట్సు కాచి ఇచ్చాను అన్నయ్యా, ఓట్సు! అందులో నంజుకుంది. మీ ఆవిడ ఆవకాయ నంజుకోనిది ఈ భూమ్మీద ఏదైనా ఉంటే చెప్పు, అదే వండుతాను."

అన్నయ్య నవ్వుతాడు. పొట్ట ఊగేలా, శబ్దం లేకుండా, బతికున్నప్పుడు నవ్వినట్టే. నాకు ఆ నవ్వు చూస్తే అట్లకాడ విసరాలనిపిస్తుంది. ఆ నవ్వు మీద ఎంత బెంగ పెట్టుకున్నానో కూడా అప్పుడే తెలుస్తుంది, అందుకే ఇంకా కోపం వస్తుంది.

"మరి ఇదెలా తట్టిందే నీకు?"

"నువ్వే. వైజాగులో ఏదో మాల్‌కి తీసుకెళ్ళి తినిపించావట కదా. వదిన చెప్పింది. కొరకగానే ఫెళ్ళున విరిగి ఒళ్ళో పడిందనీ, నువ్వు పక్కనున్నవాళ్ళ ముందు ఏరి పెట్టావనీ చెప్పింది. నీ గురించి ఏడవకుండా చెప్పిన మాట అదొక్కటే. బయట తిన్న తిండిని మెచ్చుకుంది కూడా అదొక్కసారే. పైగా ఇందులో అన్నం లేదు. ఆవకాయకి దారి లేదు."

ఈ మాట అంటుండగా బస్సు లోపలంతా ఆ మాల్ అయిపోతుంది, సీట్ల మధ్య తెల్లటి బల్లలు, పైన గాజు కప్పు, అన్నయ్య చేతిలో టోకెను. జనం ఉన్నారు గానీ ఎవరికీ మొహాలు లేవు. నేను మాత్రం బానెట్టు దగ్గరే చెమటలు కక్కుతూ రాజ్మా మెదుపుతున్నాను. రాత్రి నానబెట్టి, ఉప్పు లేకుండా ఉడకబెట్టిన రాజ్మా. కొట్లో డబ్బాల్లో వచ్చే రాజ్మాలో ఉప్పు, అమ్మే సాసుల్లో ఉప్పు, టాకో మసాలా అని పొట్లం మీద రాసి ఉన్నదాంట్లో ఉప్పు, చివరికి కాల్చి అమ్మే ఆ కరకరలాడే టాకో రొట్టెల్లో కూడా ఉప్పే. అందుకని అన్నీ ఇంట్లోనే చేసుకోవాల్సి వచ్చింది. జీలకర్ర నల్లబడేదాకా వేయించి దంచాను. టమాటాలు, వెల్లుల్లి పొయ్యి మీద నేరుగా కాల్చి చిదిమాను. పచ్చిమామిడి కోరు, ఉల్లిపాయ, కొత్తిమీర, ఎండుమిరప, నిమ్మకాయ. ఉప్పు లేని లోటుని పులుపూ, కారమూ, మాడు వాసనా కలిసి కప్పేస్తాయని ఆ ఫోనమ్మాయి చెప్పింది. ఆ అమ్మాయి మా వదినని చూడలేదు.

అన్నయ్య లేచి వచ్చి, అడక్కుండా గిన్నెలో వేలు పెట్టి నాకుతాడు.

"ఉప్పెయ్యడం మర్చిపోయావే."

"మర్చిపోలేదు."

"కొంచెం ఏత్తే ఏవవుద్దే, చిటికెడు."

"ఇదిగో, ఇలాగే. బతికున్నన్నాళ్ళూ చిటికెడు, చిటికెడు అనే పోయావు. పోయినవాడివి పోయినట్టు ఉండవేం? నీ చిటికెడు ఇప్పుడు ఇంట్లో జాడీడు ఉంది. రెండు పూటలా కంచంలోకి వస్తోంది. నువ్వు వెళ్ళింది చాలక ఆ మనిషిని కూడా కొంచెం కొంచెంగా తీసుకుపోతున్నావు. ఆ సంగతి నీకు తెలుస్తోందా లేదా?"

అన్నయ్య వేలు తుడుచుకుంటాడు. బస్సు ఎప్పుడు ఆగిందో ఆగింది, కిటికీల నిండా సముద్రం ఉంది, అల రావడం లేదు, ఊరికే నీళ్ళు నిలబడి ఉన్నాయి.

"వెళ్ళి చెప్పు," అంటాను. "నా మాట వినదు. పారబోస్తానంటే జాడీని పాత చీరలో చుట్టి బీరువాలో పెట్టుకుంది. అయిపోతుందేమోనని ఏడుస్తుంది, ఏడుస్తూనే తింటుంది, ఇదేం తిండో నాకు అర్థం కాదు. నువ్వు చెబితే మానేస్తుంది. కలలోకి వెళ్ళు. ఇక్కడికొచ్చి బస్సులు బాగుచేసే బదులు ఆవిడ కలలోకి వెళ్ళి ఆ ఒక్క ముక్కా చెప్పు."

"ఎల్లానే."

"వెళ్ళావా? ఏం చెప్పావు?"

"ఏం చెప్తాను? నన్ను చూడగానే పీటేసి అన్నం పెట్టేత్తాది. ఏడన్నం, నెయ్యి, ఆవకాయ. ఎదురుగా కూర్చుని ఇసురుతా ఉంటాది. తినకుండా లేచి, ఇది మానెయ్యవే అని ఎలా చెప్పమంటావే? నోట్లో ముద్ద ఉంటే మాటేం వత్తాది?"

నేను అట్లకాడ కింద పెట్టేస్తాను. ఇంతమంది మొహాల్లేని జనం మధ్యలో, కదలని బస్సులో, చచ్చిపోయిన అన్నయ్య కూడా అడిగిన పని చెయ్యలేనంటుంటే ఇంక నేను ఎవరికి మొరపెట్టుకోవాలి.

"నాకు భయంగా ఉంది అన్నయ్యా," అంటాను. ఈ మాట ఇంతవరకూ ఎవరితోనూ అనలేదు. "నువ్వు లేని ఇల్లు అలవాటు చేసుకుందామని చూస్తున్నాను. వదిన కూడా లేని ఇల్లు నా వల్ల కాదు. పొద్దున్నే కిందికి దిగి నేను ఎవరి మీద అరవాలి?"

అన్నయ్య నా వైపు చూస్తాడు. మొహం కొంచెం అస్పష్టంగా ఉంది, చిన్నప్పుడు నన్ను సైకిలు ముందు కడ్డీ మీద కూచోబెట్టుకున్నప్పటి మొహం, మొన్న ఆస్పత్రి మంచం మీది మొహం, రెండూ ఒకదాని మీద ఒకటి పడుతున్నాయి. చేతుల మీద నూనె మాత్రం స్పష్టంగా ఉంది.

"ఉప్పు తగ్గించానే," అంటాడు.

"ఎందులో?"

"ఆవకాయలో. ఈ ఏడు."

నాకు నవ్వొస్తుంది, మంచి నవ్వు కాదు. మా ఇంట్లో ఆవకాయ ఆడవాళ్ళు కలపరు. అన్నయ్యే కలిపేవాడు. ఇంజను విప్పి బిగించినంత శ్రద్ధగా, కారానికో గిన్నె, ఆవపిండికో గిన్నె, ఉప్పుకో గిన్నె వరసగా పెట్టుకుని, పప్పునూనెలో మోచేతుల దాకా ముంచి, ఎవరినీ దగ్గరికి రానిచ్చేవాడు కాదు. పెళ్ళాం చెప్పినా, చెల్లెలు చెప్పినా, చివరికి డాక్టరు చెప్పినా ఆ కొలత మార్చని మనిషి.

"అబద్ధాలాడకు. పోయాక కూడా నాతో అబద్ధాలేనా?"

"అబద్ధం కాదే. నువ్వు పోరు పెట్టావు గదా. గిన్నెలో సగమే ఏసాను. మూడోనాడు తిరగకలిపేటప్పుడు చూసుకుని మిగతాది ఏద్దాంలే అనుకున్నాను." ఆవకాయ కలిపిన మూడోనాడు మళ్ళీ కలియబెట్టి, ఉప్పు చాలకపోతే అప్పుడు వేస్తారు, ఆ రోజు దాటితే ఇంక వేసేది లేదు. "మూడోనాడు చూశాను. చాల్లేదు. చేతిలోకి తీసుకున్నాను కూడాను. నువ్వు మేడ మీంచి ఎవరి మీదో అరుత్తున్నావు. ఏవనిపించిందో, మళ్ళీ డబ్బాలో పోసేసాను."

"నాకెందుకు చెప్పలేదు?"

"చెప్తే ఇంకేవన్నా ఉందా? నా మాట నెగ్గిందని ఈధంతా చాటేత్తావు."

"చాటుతాను! ఎందుకు చాటను? పుట్టి బుద్ధెరిగాక నువ్వు నా మాట విన్నది ఎప్పుడు? ఆ స్కూటరు అమ్మమంటే విన్నావా? చెప్పులేసుకుని నడవమంటే విన్నావా? వినక వినక విని, ఆ విన్నది నాకు చెప్పకుండా..."

మాట పూర్తి కావడం లేదు, ఎందుకంటే అన్నయ్య నా మాట వినడం మానేసి అప్పుడే బస్సు కిందికి వంగుతున్నాడు, బ్రేకు అరుగుతోందే, వింటున్నావా ఆ చప్పుడు, అంటున్నాడు, నిజంగానే ఏదో రాసుకుంటున్న చప్పుడు వస్తోంది, పింగాణీ మీద పింగాణీ ఒరుసుకుంటున్నట్టు. నేను అతని చొక్కా పట్టుకుని లాగుతున్నాను, ఆగు, ఇంకా అయిపోలేదు, ముందు దీనికి జవాబు చెప్పి వెళ్ళు, అని అరుస్తున్నాను, నా చేతికి చొక్కా దొరకడం లేదు, నూనె జారిపోతోంది.

మెలకువ వచ్చేసరికి వంటింట్లో ప్లాస్టిక్ కుర్చీలోనే మెడ వాల్చి పడుకుని ఉన్నాను. మధ్యాహ్నం ముసురు పట్టినట్టుంది, కిటికీలో వెలుతురు బూడిదరంగులో ఉంది. పొయ్యిగట్టు దగ్గర వదిన నిలబడి ఉంది. ఎదురుగా పళ్ళెంలో రాజ్మా పెట్టిన టాకో ఒకటి, దాని పక్కనే ఆవకాయ జాడీ. జాడీ మూత ఆవిడ చేతిలో ఉంది.

"ఇందులోకి కూడానా!" అని కుర్చీలోంచి లేచాను. "వదినా, నీకు దణ్ణం పెడతాను, పొద్దున్నుంచీ నిలబడి..."

వదిన నా అరుపు పట్టించుకోలేదు. "ఇటొచ్చి చూడవే రత్నం," అంది, నెమ్మదిగా.

వెళ్ళి చూశాను. జాడీలో ముక్కల మీద, అంచు చుట్టూ, తెల్లగా బూజు.

"తడి గరిటె పెట్టావా?" అన్నాను, అలవాటు కొద్దీ.

"నేనా? మీ అన్నయ్య జాడీలో తడి గరిటె నేను పెడతానా?" ఆ మాట నిజం. ఆ గరిటెని ఆవిడ దేవుడి పటం తుడిచినట్టు తుడిచి, ఎండలో పెట్టి గాని వాడదు. తడి తగలని ఆవకాయకి బూజు ఎందుకు పడుతుందో మా ఇద్దరికీ తెలుసు.

"మొదటి ముద్దలోనే అనిపించింది నాకు," అంది వదిన, జాడీలోకే చూస్తూ. "ఉప్పు చాల్లేదని. ఆయన చెయ్యి తప్పిందనుకున్నాను. ఒంట్లో బాగాలేక తప్పిందేమోనని. ఆయన పోయాక ఆయన చెయ్యి తప్పిందని నీకెలా చెప్పనే? అందుకే నీకో ముక్క కూడా పెట్టలేదు."

"చెయ్యి తప్పలేదు వదినా," అన్నాను. "కావాలనే తగ్గించాడు. నా పోరు పడలేక."

"నీకెవరు చెప్పారు?"

"ఇంకెవరు చెబుతారు?"

వదిన నా మొహంలోకి చూసింది, చాలాసేపు. నమ్మిందో లేదో నాకు తెలియదు. తరవాత మళ్ళీ బూజు వైపు చూసింది. ఆయన పోయిన దగ్గర్నుంచి ఆయన మీద ఒక్క విసురు మాట అనని మనిషి, పటం ముందు నిలబడి కూడా మీరు, మీరు అని మెత్తగా ఏడ్చే మనిషి, జాడీ మూత ఠపీమని పెట్టేసింది.

"ఆ ముక్క నాతో ఒక్కసారి అంటే ఏం పోయేదే ఈ మనిషికి? తగ్గించాను, తొందరగా తినెయ్యవే అని. నేనేమో ఏడాదంతా రావాలని దాచుకుని దాచుకుని... ఎవరికోసం దాచాను చెప్పు. ఏనాడన్నా ఏదన్నా నోరు విప్పి చెప్పాడా? అంతా తనకే తెలుసు!"

"అదే నేనూ అడిగాను," అన్నాను.

ఆవిడ అలా తిట్టుకుంటూనే జాడీని గోడవారకి నెట్టింది, టాకో ఎత్తి, పక్కన ఏమీ లేకుండా, ఉత్తదే కొరికింది. కళ్ళమ్మట నీళ్ళు కారుతున్నా నములుతూనే ఉంది.

"చప్పగా ఉందే," అంది.

"ఉంటుంది. నిమ్మకాయ పిండుకో," అన్నాను.